బెసామే మూచో ఎందుకు పాతబడట్లేదు: ఒక బొలెరో పాటని విప్పి చూస్తే

బొలెరో అనగానే మన దగ్గర వందలో తొంభై మందికి గుర్తొచ్చేది మహీంద్రా బండి, వెస్టర్న్ క్లాసికల్ కొంచెం వినే మిగతా పది మందికి రావెల్ 1928లో రాసిన ఆర్కెస్ట్రా పీసు. ఇక్కడ సంగతి ఆ రెండూ కాదు. క్యూబాలో పుట్టి, మెక్సికోలో పెరిగి, రేడియో పుణ్యమా అని స్పానిష్ మాట్లాడే దేశాలన్నిట్లోనూ ప్రేమ పాటంటే ఇదే అన్నంతగా పాతుకుపోయిన నెమ్మది పాట ఒకటుంది, దాని పేరు కూడా బొలెరోనే. ఆ రకం పాటలు వేలల్లో ఉన్నాయి గానీ ప్రపంచం మొత్తం తిరిగొచ్చినవి కొన్నే, వాటిల్లో అందరికన్నా ముందుండేది బెసామే మూచో, అంటే "నన్ను బాగా ముద్దుపెట్టుకో". రాసింది కొన్సుయెలో వెలాస్కెస్ అనే మెక్సికన్ పియానిస్టు, 1940 ప్రాంతంలో. అప్పట్నుంచి ఎంతమంది పాడారో లెక్క తేల్చడం కష్టం. జాజ్ వాళ్లు పాడారు, రాక్ వాళ్లు పాడారు, ఒపెరా గొంతులు పాడాయి, పెళ్లి బ్యాండ్ల సంగతి చెప్పనే అక్కర్లేదు.

విచిత్రం ఏంటంటే పాటలో చూడబోతే పెద్దగా ఏమీ లేదు. కథ లేదు, ఊరి పేరు లేదు, మనిషి పేరు లేదు, వెన్నెల లేదు, పువ్వు లేదు. మాటలన్నీ కలిపినా ఒక పోస్టుకార్డు మీద పట్టేస్తాయి. మెలడీ కింద వాయించే కార్డ్స్, అంటే ఒకేసారి కలిపి మోగించే స్వరాల గుత్తులు, అయితే గిటార్ పట్టుకుని ఆర్నెల్లయిన కుర్రాడు కూడా వాయించేయగలడు. అయినా ఎనభై ఏళ్లు దాటాక కూడా ఎవడో ఒకడు కొత్తగా పాడుతూనే ఉన్నాడు. "లాటిన్ రొమాన్స్, ఆ మూడ్ అలాంటిది" అనేసి వదిలేస్తే సులువే, కానీ అదే మూడ్ ఉన్న మిగతా వందల పాటలు మర్చిపోయాం కదా. కారణం మూడ్‌లో కంటే కట్టుబడిలో ఎక్కువ ఉంది. పైకి గుండె బద్దలు చేసుకుంటున్నట్టు వినిపించే ఈ పాట లోపల చాలా పిసినారిది, ఏదీ అడిగినంత ఇవ్వదు, ఇచ్చేది కూడా ఆలస్యంగా ఇస్తుంది.

ముందు ఈ రకం పాట ఎక్కడ్నుంచి వచ్చిందో కొంచెం చూస్తే తర్వాత సంగతులు తేలిగ్గా అర్థమవుతాయి. క్యూబాకి తూర్పు కొసన సాంతియాగో అనే ఊళ్లో, 19వ శతాబ్దం చివర్లో, గిటార్ పట్టుకుని పాటలు కట్టుకునే వాళ్ల గుంపు ఒకటుండేది. వాళ్లలో హోసే సాంచెస్, అందరూ పెపె అని పిలిచేవాళ్లు, వృత్తికి దర్జీ, సంగీతం చదువుకున్నవాడు కాదు. ఆయన 1883 ప్రాంతంలో కట్టిన త్రిస్తేసాస్ అనే పాటనే మొదటి బొలెరో అని చెప్పుకుంటారు. స్పెయిన్‌లో అదే పేరుతో మూడు బీట్ల నాట్యం ఒకటుంది గానీ దీనికి దానికి పేరు తప్ప పెద్ద చుట్టరికం లేదు. క్యూబా పాట నడక రెండు బీట్లది, దాని కింద సింకీయో అని ఒక చిన్న రిథమ్ ముక్క నడుస్తూ ఉంటుంది. ఎనిమిది మాత్రల్లో ఐదు దెబ్బలు, పొడుగు పొట్టి పొడుగు పొట్టి పొడుగు, అంటే రెండు ఒకటి రెండు ఒకటి రెండు. చేత్తో బల్ల మీద "తా-క తా-క తా-" అని కొట్టి చూడండి, వెంటనే దొరుకుతుంది. ఆఫ్రికా నుంచి బానిసలుగా తెచ్చినవాళ్ల డోలు దెబ్బ, హైతీ వైపు నుంచి పారిపోయి వచ్చిన కుటుంబాల నాట్యాలు, ఇవన్నీ సాంతియాగోలో కలిసిన చోట నిలదొక్కుకున్న నడక అది.

మొదట్లో మాటలు కూడా ఆ ఐదు దెబ్బలకే కట్టేసినట్టు ఉండేవి. పాట సముద్రం దాటి మెక్సికోలో యుకతాన్ తీరానికి, మెరిదా ఊరికి చేరాక, అక్కణ్ణుంచి రాజధానికి వెళ్లాక ఆ కట్టు వదులయ్యింది. నాలుగు బీట్లయ్యింది, నెమ్మదయ్యింది, గిటార్ పక్కన పియానో వచ్చి కూర్చుంది. 1920ల చివర్లో అగుస్తీన్ లారా అనే పియానో వాయించే పాటగాడు ఈ కొత్త మోస్తరు బొలెరోకి పెద్ద పేరు తెచ్చాడు, 1930 సెప్టెంబర్‌లో మెక్సికో సిటీలో ఎక్స్ఈడబ్ల్యూ రేడియో మొదలయ్యాక ఆ గొంతు ఇళ్లల్లోకి వెళ్లిపోయింది. మైక్ రాకముందు పాడేవాడు హాల్లో చివరి వరసకి వినపడాలని గొంతెత్తాల్సిందే, మైక్ వచ్చాక చెవిలో చెప్పినట్టు పాడొచ్చు. బొలెరో ఆ సదుపాయాన్ని వాడుకున్నంతగా ఇంకే పాటా వాడుకోలేదేమో.

వెలాస్కెస్ ఈ రేడియో కాలం మనిషి. హలిస్కో రాష్ట్రంలో సియుదాద్ గుస్మాన్‌లో పుట్టింది, చిన్నప్పుడే గ్వాదలహారా వెళ్లింది, తర్వాత మెక్సికో సిటీలో క్లాసికల్ పియానో చదివింది. రేడియోలో పియానో వాయిస్తూనే పాటలు రాసేది. బెసామే మూచో రాసేనాటికి తనని ఎవరూ ముద్దు పెట్టుకోలేదని ఆవిడ తర్వాత చాలాసార్లు చెప్పింది, జనానికి ఈ ముక్క బాగా నచ్చి ఎక్కడ పాట గురించి మాట్లాడినా ఇదే చెప్తారు. ముచ్చటైన సంగతే గానీ, పాట అర్థం కావడానికి దీనికంటే ఎక్కువ పనికొచ్చేది ఇంకోటుంది. స్పెయిన్ సంగీతకారుడు ఎన్రికే గ్రనాదోస్ 1911లో బయటికి తెచ్చిన గోయెస్కాస్ అనే పియానో పీసుల వరసలో ఒక అమ్మాయి, ఒక నైటింగేల్ పిట్ట మాట్లాడుకునే పీసు ఒకటుంది, భార్య అంపారోకి అంకితమిచ్చాడు. దాని మొదలు వింటే బెసామే మూచో ఎక్కడ్నుంచి ఊపిరి తీసుకుందో తెలిసిపోతుంది, వెలాస్కెస్ కూడా ఆ మాట దాచలేదు. అక్కడ మెలడీ కొమ్మలు కొమ్మలుగా విచ్చుకుంటూ, నిమిషాల తరబడి అలంకారాలతో పోతుంది. వెలాస్కెస్ చేసిన పని ఆ కొమ్మలన్నీ కొట్టేసి మోడు ఒక్కటి ఉంచడం. కాన్సర్ట్ పియానో చదువుకుని ఇంత తక్కువలో ఆగడం మామూలు విషయం కాదు, చదువంతా చూపించాలనే దురద ఉంటుంది కదా ఎవరికైనా.

ఇప్పుడు మాటలు. పాటలో అడిగేది ఒకటే, ముద్దు పెట్టు, ఈ రాత్రే ఆఖరిసారి అన్నట్టుగా పెట్టు. ఎందుకంటే నిన్ను పోగొట్టుకుంటానేమోనని భయం. మధ్య భాగంలో, దగ్గరగా ఉండు, నీ కళ్లల్లో నన్ను నేను చూసుకోవాలి, రేపటికి బహుశా నేను ఎక్కడో దూరంగా ఉంటాను. అంతే, మళ్లీ మొదటికి. ఇందులో చాలామంది గమనించకుండా దాటేసే మెలిక ఒకటుంది. భయం నిన్ను పోగొట్టుకుంటానేమోనని, కానీ వెళ్లిపోయేది నువ్వు కాదు, నేను. ఎందుకు వెళ్తున్నట్టు? యుద్ధానికా, పనికా, ఇంకో పెళ్లికా, చావుకా? పాట చెప్పదు, చెప్పకపోవడం వల్లే ఎవరి కారణం వాళ్లు అందులో పెట్టుకుంటారు. పైగా స్పానిష్ మాటల్లో పాడేది ఆడో మగో, వినేది ఆడో మగో పట్టిచ్చే ముక్క ఒక్కటి కూడా లేదు, కాబట్టి ఎవరు ఎవరికి పాడినా ఒక్క అక్షరం మార్చక్కర్లేదు.

ప్రేమ పాటలు మామూలుగా రెండు చోట్ల నిలబడతాయి, దొరక్కముందు ఆరాటం, లేదా పోయాక ఏడుపు. ఇది రెంటి మధ్య నిలబడింది. మనిషి ఎదురుగానే ఉంది, చేతిలో చెయ్యి ఉంది, అయినా ఎడబాటు మొదలైపోయింది. మన అలంకార శాస్త్రంలో నాయకుడు ఇంకా గుమ్మం దాటకముందే కుమిలిపోయే నాయికకి ప్రవత్స్యత్పతిక అని వేరే పేరే పెట్టుకున్నారు, అష్టవిధ నాయికలు చాలక తొమ్మిదోదిగా చేర్చారు ఆమెని. అంటే ఈ స్థితి ప్రత్యేకమైందని మనవాళ్లకీ అనిపించిందన్నమాట.

సరే, అసలు సంగతి సంగీతంలో ఉంది. మెలడీ మొదలు చూడండి. పిలుపు మూడక్షరాలు, బె-సా-మే. ఆ మూడూ సాగదీసి, తొందరేమీ లేనట్టు వస్తాయి. మళ్లీ అదే మాట, ఈసారి "మూచో" చేరుతుంది, అదీ సాగుతుంది. ఆ తర్వాత ఉన్నట్టుండి అక్షరాల గుంపు ఒకటి తోసుకుంటూ వస్తుంది, ఈ రాత్రే ఆఖరిసారి అన్న ముక్క మొత్తం దాదాపు మాట్లాడే వేగంతో దొర్లిపోతుంది. అడిగేటప్పుడు నెమ్మది, ఎందుకు అడుగుతున్నావో చెప్పేటప్పుడు తడబాటు. మనిషి నిజంగా భయపడ్డప్పుడు మాట్లాడే తీరు ఇదే కదా, ముందు ఒక్క మాట బరువుగా అంటాడు, తర్వాత గబగబా సంజాయిషీ ఇచ్చుకుంటాడు. రెండో వాక్యం కూడా ఇదే అచ్చులో పోసింది, పిలుపు సాగదీత, కారణం గుంపు. మధ్య భాగంలోకి వచ్చేసరికి సాగదీసే పిలుపే ఉండదు, మొత్తం గుంపే. కార్డ్స్ కూడా అక్కడ త్వరత్వరగా మారతాయి. అంటే పాట మధ్యకి వచ్చేసరికి ఊపిరి తీసుకునే జాగా తగ్గిపోతుంది, బీట్ మాత్రం ఒక్క పిసరు కూడా పెరగదు. వినేవాడికి కంగారు ఎక్కడ్నుంచి వచ్చిందో తెలీదు గానీ వస్తుంది.

హార్మొనీ, అంటే మెలడీ కింద కార్డ్స్ నడిచే తీరు, ఇంకా బాగుంటుంది. పాట మైనర్‌లో ఉంది, అంటే వెలుగ్గా వినిపించే మేజర్ కాకుండా దిగులుగా వినిపించే స్వరాల వరసలో, వాయించేవాళ్లు ఎక్కువగా డి మైనర్ పట్టుకుంటారు కాబట్టి ఆ లెక్కనే చూద్దాం. డి ని షడ్జం అనుకుంటే హార్మోనిక్ మైనర్ స్వరాలన్నీ మన కీరవాణే, 21వ మేళకర్త. చతుశ్రుతి రిషభం, సాధారణ గాంధారం, శుద్ధ మధ్యమం, పంచమం, శుద్ధ ధైవతం, కాకలి నిషాదం. తెలుగు చెవికి ఈ పాట మొదటిసారే దగ్గరగా అనిపించడానికి ఇది ఒక కారణం, సినిమా పాటల్లో కీరవాణి ఛాయ ఎంతగా నానిందో చెప్పక్కర్లేదు. రాగంలా గమకాలతో నడిచేది కాదు, అది వేరే వ్యవహారం, స్వరాల వరస వరకే పోలిక.

ఇంటి కార్డ్ డి మైనర్. అక్కడ్నుంచి మొదటి అడుగు ఎటు వేస్తుందంటే జి మైనర్‌కి, అంటే మధ్యమం మీద కట్టిన కార్డ్‌కి. చాలా పాటలు ముందు పంచమం కార్డ్ వైపు వెళ్తాయి, ఆ అడుగులో ముందుకి తోపు ఉంటుంది, ఇప్పుడేదో జరగబోతోంది అన్న ధీమా ఉంటుంది. మధ్యమం వైపు, అదీ మైనర్ కార్డ్ వైపు వెళ్తే ఆ ధీమా ఉండదు, వెనక్కి వాలినట్టు, బతిమాలినట్టు ఉంటుంది. ఆ తర్వాత పంచమం కార్డ్ వస్తుంది, దాని పేరు ఏ సెవెన్ (A7), అందులో ఉన్న కాకలి నిషాదం షడ్జానికి ఒక్క అర మెట్టు కింద నిలబడి పైకి తోస్తుంది, వాక్యం ఇంటికి చేరుతుంది. ఇది మొదటి వాక్యం.

రెండో వాక్యం మళ్లీ అదే పిలుపు, అవే మాటలు, కానీ కింద నేల మారింది. డి మైనర్ ఉండాల్సిన చోటికి డి సెవెన్ (D7) వచ్చింది. అంటే సాధారణ గాంధారం పోయి అంతర గాంధారం వచ్చింది, కీరవాణిలో లేని స్వరం. మైనర్ పాటలో ఒక్క క్షణం మేజర్ వెలుగు. అయ్యో బాగుపడిందే అనుకునేలోపు ఆ అంతర గాంధారం మధ్యమానికి అర మెట్టు కింద ఉంది కాబట్టి అదే తోసుకుంటూ వెళ్లి మళ్లీ జి మైనర్‌లో పడేస్తుంది. అంటే ఆ వెలుగు ఆశ పెట్టడానికి కాదు, ఇంకొంచెం గట్టిగా తోయడానికి. మొదటి పిలుపుకీ రెండో పిలుపుకీ కింద కార్డ్‌లో అసలు తేడా ఈ స్వరమే, కానీ పాట వందసార్లు విన్నవాడికి కూడా అక్కడ ఒళ్లు కొంచెం జిల్లుమంటుంది.

మధ్య భాగం ఎక్కడ మొదలవుతుంది? జి మైనర్ మీదే. ఇక్కడ వెలాస్కెస్ చేసిన పని, సరిగ్గా చెప్పాలంటే చెయ్యని పని, గమనించాలి. మైనర్ పాటల్లో మధ్య భాగం వచ్చేసరికి మేజర్‌లోకి తలుపు తీసి కాస్త గాలి ఆడనివ్వడం పాటలు కట్టేవాళ్లకి బాగా తెలిసిన ఉపాయం. ఇంకో ప్రపంచ ప్రసిద్ధ బొలెరో, క్యూబా వాడు ఒస్వాల్దో ఫార్రేస్ 1947లో రాసిన కిసాస్ కిసాస్ కిసాస్, అక్షరాలా అదే చేస్తుంది, మైనర్‌లో దెప్పిపొడుస్తూ పోయి మధ్యలో మేజర్‌కి మారి కొంచెం నవ్వుతుంది, మళ్లీ మైనర్‌కి వస్తుంది. అందుకే ఆ పాటలో బాధ కన్నా చిలిపితనం ఎక్కువ. బెసామే మూచో ఆ తలుపు తియ్యదు. మధ్యమం, షడ్జం, పంచమం, షడ్జం, ఇంటి చుట్టూనే తిరుగుతుంది, అడుగులు మాత్రం వేగం.

ఆ మధ్య భాగం చివర్లో ఇంకో బయటి స్వరం వస్తుంది. రేపటికి నేను దూరంగా ఉంటానేమో అనే మాట దగ్గర ఇ సెవెన్ (E7) అనే కార్డ్ పడుతుంది, అంటే రిషభం మీద కట్టిన కార్డ్, అందులో ప్రతి మధ్యమం ఉంది, అదీ కీరవాణిలో లేనిదే. ఆ ప్రతి మధ్యమం పంచమానికి అర మెట్టు కింద, కాబట్టి ఏ సెవెన్‌కి తోస్తుంది. ఏ సెవెన్ ఇంటికి తోయాలి. కానీ భాగం అక్కడే ఆగిపోతుంది, గుమ్మంలో. దూరం అనే మాట పూర్తయ్యింది, వాక్యం అయిపోయింది, కార్డ్ మాత్రం అవ్వలేదు. ఇంటికి చేర్చేది ఏంటంటే మళ్లీ మొదటి పిలుపు. మొదట్లో విన్నప్పుడు ఆ పిలుపు ఒక కోరిక. ఇప్పుడు, దూరం సంగతి తెలిసిపోయాక, అవే మాటలు, అవే స్వరాలు, ఒక్కటీ మార్చకుండా వస్తాయి, కానీ వినపడేది వేరు. కొత్త చరణం రాసి కొత్త విషయం చెప్పాల్సిన చోట ఆవిడ పాత చరణాన్నే తెచ్చి పెట్టింది. మొత్తంలో ఇంతకన్నా తెలివైన చోటు ఇంకోటి లేదు.

వాయిద్యాల విషయానికొస్తే నెమ్మది నాలుగు బీట్లలో బేస్ మొదటి బీట్ కొట్టి రెండోది వదిలేస్తుంది, మూడు నాలుగు కొడుతుంది. దుమ్, ఖాళీ, దుమ్ దుమ్. ఆ ఖాళీలోనే నాట్యం చేసేవాళ్ల బరువు ఒక కాలి మీద నుంచి ఇంకో కాలికి మారుతుంది. మరకాస్ అనే గిలకలు బీట్‌కి రెండు చొప్పున ఆపకుండా గలగలమంటూ ఉంటాయి, బోంగో దాని మీద చిన్న చిన్న దెబ్బలు వేస్తుంది. మన 50లు 60ల సినిమా పాటల్లో బోంగో, మరకాస్ వినపడే నెమ్మది డ్యూయెట్లు గుర్తు తెచ్చుకుంటే ఆ నడక తెలిసినట్టే ఉంటుంది. కింద ఇంత కచ్చితంగా గడియారం నడుస్తుంటే పైన పాడేవాడు దానికి కట్టుబడడు, కొంచెం ఆలస్యంగా వస్తాడు, ఒక మాట వెనక్కి లాగుతాడు, తర్వాత మాట ముందుకి తోసేసి లెక్క సరిచేస్తాడు. మంచి బొలెరో గొంతుకీ మామూలు గొంతుకీ తేడా ఈ ఆలస్యంలోనే తెలుస్తుంది. బీట్ మీద బీట్ వేసి నిక్కచ్చిగా పాడితే పాట సరిగ్గానే ఉంటుంది, చచ్చి ఊరుకుంటుంది.

1944లో న్యూయార్క్‌లో మొదలైన త్రియో లోస్ పాంచోస్ ఇంకో హంగు చేర్చింది. మూడు గొంతులు, గిటార్లు, వాటిలో అల్ఫ్రేదో హిల్ తయారు చేయించుకున్న రెకింతో అనే చిన్న గిటార్, మామూలు గిటార్ కన్నా నాలుగు స్వరాల ఎత్తులో శ్రుతి చేసి ఉంటుంది. పాట ముందు, గొంతులు ఆగిన చోట్ల ఆ రెకింతో జలజలా రాలినట్టు పరుగులు తీస్తుంది. ఇవాళ రెస్టారెంట్లో ముగ్గురు గిటార్లు పట్టుకుని టేబుల్ దగ్గరికొచ్చి పాడే బొలెరో అంటే అందరి బుర్రలో ఉన్న బొమ్మ వీళ్లు వేసి పెట్టిందే. బెసామే మూచో పుట్టింది పియానో మీద అయినా ఇప్పుడు గిటార్ పాటలాగా అనిపించడానికి కూడా వీళ్లే కారణం.

ఇక ప్రపంచం మీదకి ఎలా వెళ్లిందనేది. పాట గొప్పది కాబట్టి వెళ్లింది అనడం సగం నిజమే, మిగతా సగం అమెరికాలో డబ్బు గొడవలు. అక్కడ పాటల హక్కులు వసూలు చేసే అస్కాప్ సంస్థ 1941కి రేటు పెంచమంది, రేడియో స్టేషన్లు కుదరదన్నాయి, ఆ ఏడాది జనవరి నుంచి అక్టోబర్ దాకా పెద్ద నెట్‌వర్క్ రేడియోల్లో అస్కాప్ పాటలే వెయ్యలేదు. అంటే అప్పటి పేరున్న అమెరికన్ పాటలు చాలావరకు బంద్. రేడియో వాళ్లు సొంతంగా పెట్టుకున్న బీఎంఐ దగ్గర లాటిన్ అమెరికా పాటల హక్కులు బాగా ఉన్నాయి. ఇంకేముంది, బ్యాండ్లన్నీ స్పానిష్ పాటల మీద పడ్డాయి. జిమ్మీ డోర్సీ బ్యాండ్ 1941లో అమపోలా, మరియా ఎలేనా, గ్రీన్ ఐస్, మూడిటినీ నంబర్ వన్ చేసింది, చివరిది నీలో మెనెందెస్ రాసిన క్యూబన్ బొలెరోకి ఇంగ్లీషు మాటలు పెట్టింది. దారి అలా పడింది. తర్వాత 1942 ఆగస్టు నుంచి సంగీతకారుల యూనియన్ రికార్డింగులు ఆపేసింది, డెక్కా కంపెనీ మిగతా పెద్ద కంపెనీల కన్నా ఏడాదికి పైగా ముందే, 1943 సెప్టెంబర్‌లో రాజీపడింది, డోర్సీ ఉన్నది డెక్కాలోనే. బాబ్ ఎబర్లీ, కిట్టీ కాలెన్ గొంతులతో వీళ్ల బెసామే మూచో 1944లో నంబర్ వన్ అయ్యింది. పోటీ కంపెనీలు ఇంకా సమ్మెలో ఇరుక్కుని ఉన్నాయి, ఊళ్లల్లో కుర్రాళ్లందరూ యుద్ధానికి పోతున్నారు, స్టేషన్‌లో వీడ్కోళ్లు రోజూ జరుగుతున్నాయి. ఆఖరి రాత్రి పాటకి అంతకన్నా సరైన సమయం ఎక్కడ దొరుకుతుంది.

తమాషా ఏంటంటే సన్నీ స్కైలర్ రాసిన ఆ ఇంగ్లీషు మాటల్లో ఆఖరి రాత్రి లేనే లేదు. ముద్దు పెడితే దివ్యమైన సంగీతం వినిపిస్తోంది, ఎప్పటికీ నాదానివని చెప్పు, నువ్వు వదిలేస్తే నా కలలు ఎగిరిపోతాయి, ఈ తరహాలో నడుస్తుంది. అంటే తప్పక జరగబోయేదాన్ని "ఒకవేళ" కిందకి మార్చేశారు, వెళ్లేది కూడా నేను కాదు నువ్వు అయిపోయింది. మాటల మీద చూస్తే ఇది పాటని పాడు చెయ్యడమే. అయినా పాడవలేదు. భయం మాటల్లోంచి తీసేసినా ఆ జి మైనర్‌లో, గుమ్మంలో ఆగిన ఆ ఏ సెవెన్‌లో అలాగే ఉండిపోయింది, వినేవాళ్లకి అదే అందింది. పాట బలం దేని మీద ఉందో తేల్చుకోవడానికి ఇంతకన్నా మంచి పరీక్ష దొరకదు.

రెండో పరీక్ష బీటిల్స్ పెట్టారు. 1962 జనవరి 1న లండన్‌లో డెక్కా కంపెనీ ఆడిషన్‌లో వాళ్లు పాడిన పదిహేను పాటల్లో ఇదొకటి, డెక్కా వాళ్లని వద్దంది, ఆ కథ అందరికీ తెలిసిందే. జూన్ 6న ఈఎంఐ స్టూడియోలో మొదటిసారి రికార్డ్ చేసినప్పుడు కూడా ఇది పాడారు, పాల్ మెకార్ట్‌నీ గొంతు. వాళ్లు పట్టుకున్నది కోస్టర్స్ అనే అమెరికన్ గ్రూప్ వేసిన హుషారు వెర్షన్, కాబట్టి బొలెరో నడక పూర్తిగా పోయింది, మధ్యమధ్యలో చాచా బూమ్ అని కేకలు కూడా ఉంటాయి. నిజం చెప్పాలంటే అందులో ప్రేమా లేదు భయమూ లేదు, క్లబ్బులో తాగినవాళ్లని లేపే పని ఉంది. అయినా మెలడీ నిలబడే ఉంది, ఎందుకంటే సాగదీత తర్వాత గుంపు అనే ఆ ఏర్పాటు వేగం పెంచినా చెరగదు.

మూడోది దీనికి పూర్తిగా వ్యతిరేకం, బ్రెజిల్ గాయకుడు జోవావ్ జిల్బెర్తో 1977లో అమొరోజో రికార్డ్‌లో పాడింది. దాదాపు తొమ్మిది నిమిషాలు. గిటార్, గుసగుస లాంటి గొంతు, వెనకాల క్లౌస్ ఓగెర్మన్ రాసిన వయొలిన్లు. పాటని మళ్లీ మళ్లీ తిప్పుతాడు, ప్రతిసారీ మాటలు బీట్‌కి వేరే చోట పడతాయి, ఎక్కడా గొంతు పెంచడు. పిలుపు అన్నిసార్లు తిరిగొస్తుంటే అది కోరికో, అలవాటో, జపమో తెలీని స్థితి ఒకటి వస్తుంది. తొమ్మిది నిమిషాలు ఎక్కువే అనిపించొచ్చు, సగం మంది మధ్యలోనే కట్టేస్తారు కూడా, కానీ ఈ పాట ఎంత సాగితే తెగుతుందో చూద్దామని చేసిన పని అది, తెగలేదు. కేప్ వెర్ద్ గాయని సెసారియా ఎవొరా 1998లో ఒక హాలీవుడ్ సినిమాకి పాడినదాంట్లో ఇంకో రకం నెమ్మది ఉంటుంది, అక్కడ బతిమాలడం ఉండదు, జరిగేది తెలిసిన పెద్దావిడ చెప్తున్నట్టు ఉంటుంది.

వీటన్నిటి పక్కన పెద్ద గొంతులు పెద్ద ఆర్కెస్ట్రాతో పాడినవి పెడితే తేడా తెలుస్తుంది. ఆఖరి పిలుపుకి వచ్చేసరికి శ్రుతి పైకి ఎత్తి, డ్రమ్స్ కొట్టి, చివరి స్వరం పావు నిమిషం పట్టుకుని చప్పట్లు తెచ్చుకుంటారు. వినడానికి ఘనంగానే ఉంటుంది గానీ పాట తియ్యకుండా మూసి ఉంచిన తలుపుని అక్కడ బద్దలు కొట్టేస్తారు. రేపు దూరంగా ఉండబోయే మనిషి అంత ఠీవిగా నిలబడి పాడతాడా అనే అనుమానం వస్తుంది.

బొలెరో అనే రకం మాత్రం ఈ ఒక్క పాటంత అదృష్టంగా బతకలేదు. 60లు వచ్చేసరికి కుర్రకారు రాక్ వైపు పోయింది, బొలెరో అమ్మానాన్నల సంగీతం అయిపోయింది, బార్లల్లో, జ్యూక్‌బాక్సుల్లో మిగిలింది. డొమినికన్ రిపబ్లిక్‌లో పల్లెటూరి గిటార్ వాళ్లు దాన్ని పట్టుకుని నడక మార్చి, మొరటుగా చేసి బచాతా అనే కొత్త పాట పుట్టించారు, మొదటి రికార్డులు 1962లో వచ్చాయి, చాలా ఏళ్లు పెద్దమనుషులు దాన్ని రేడియోలో కూడా రానివ్వలేదు. 1991లో మెక్సికన్ పాప్ గాయకుడు లూయిస్ మిగెల్, అప్పటికి ఇరవై ఒక్క ఏళ్లు, రొమాన్స్ పేరుతో పాత బొలెరోలతోనే ఒక ఆల్బమ్ చేస్తే అది లక్షల్లో అమ్ముడుపోయింది, మనవళ్లు తాతల పాటలు పాడటం మొదలుపెట్టారు. 2023 డిసెంబర్‌లో క్యూబా, మెక్సికో కలిసి అడిగితే యునెస్కో బొలెరోని వారసత్వ జాబితాలో చేర్చింది. వెలాస్కెస్ అది చూడలేదు, 2005 జనవరిలో మెక్సికో సిటీలో చనిపోయింది. మధ్యలో ఆవిడ పార్లమెంటు సభ్యురాలిగా పనిచేసింది, పాటలు రాసేవాళ్ల హక్కుల సంఘానికి అధ్యక్షురాలిగా కూడా ఉంది, ఇంకా చాలా పాటలు రాసింది, కాచితో అనేది నాట్ కింగ్ కోల్ 1958లో స్పానిష్‌లోనే పాడాడు.

కొత్తగా వినాలనుకునేవాళ్లు ముందు లోస్ పాంచోస్ పాడింది వినడం మంచిది, అచ్చు ఎలా ఉంటుందో తెలుస్తుంది. దాని తర్వాత డోర్సీది, ఆ వెంటనే జిల్బెర్తోది. ఓపిక ఉంటే చివర్లో గ్రనాదోస్ పియానో పీసు, అదీ పాట బాగా నోటికొచ్చేశాకే, ముందే వింటే ఆవిడ ఏం కొట్టేసిందో తెలీదు. రెండో వాక్యం మొదట్లో వచ్చే "బెసామే" దగ్గర కింద కార్డ్ మారడం చెవికి దొరికే దాకా హెడ్‌ఫోన్స్ పెట్టుకుని గొంతు వెనక మోగే కార్డ్స్‌నే పట్టుకుంటే సరిపోతుంది, మాటలు అర్థం కాకపోయినా పర్లేదు.